లేని మాస్టారికి 41 వేల మంది శిష్యులు. ఇప్పుడాయన్ని ఏం చేయను?

సుద్దముక్క (ప్రశ్న)

ముందే చెబుతున్నా, పొడుగు పోస్టు. ఓపికున్నవాళ్లే దిగండి.

నేనొక ఫేక్ ఐడీ నడుపుతున్నాను. ఆ మాట రాయడానికి చేతులు రావట్లేదు గానీ దానికి వేరే పేరు లేదు. అందులో ఉండేది 68 ఏళ్ల రిటైర్డ్ లెక్కల మాస్టారు. కోపిష్ఠి. కాలిక్యులేటర్ పేరెత్తితే మండిపడతాడు. ఎవరైనా "సుమారుగా" అంటే "ఎంత సుమారుగా?" అని నిలదీస్తాడు. తప్పు చెప్పినవాణ్ణి బెంచీ ఎక్కిస్తాడు. నాకేమో 29. అమ్మాయిని. జన్మలో ఒక్క క్లాసు చెప్పలేదు. రాత్రి షిఫ్టులో కస్టమర్ల ఫిర్యాదులకి చాట్‌లో జవాబులు కొట్టడం నా ఉద్యోగం.

2019లో ఒక ప్రకటన తిరిగింది: "50 శాతం తగ్గింపు, దాని మీద మరో 50 శాతం." కింద కామెంట్లలో జనం ఊరికే ఇచ్చేస్తున్నారని సంబరపడిపోతున్నారు. నా సొంత పేరుతో వెళ్లి, సగంలో సగం తీస్తే ఇంకా పావు మిగులుతుంది, మొత్తం తగ్గింపు 75 శాతమే అని రాశాను. నాలుగు లైకులొచ్చాయి. ఒకాయన వచ్చి అసలు శాతమంటే ఏమిటో నాకే వివరించాడు, "చూడమ్మా" అంటూ. ఒళ్లు మండి ఆ రాత్రే మాస్టారి అకౌంట్ తెరిచాను. డీపీకి ఒక కళ్లజోడు, ఒక సుద్దముక్క నేనే గీసి పెట్టాను. అదే ప్రకటన కింద అదే లెక్క: "ఒరేయ్, సగంలో సగం పోతే పావు మిగుల్తుంది. ఆ పావు ఎవడి జేబులోంచి పోతుందిరా? ఎక్కు బెంచీ." తెల్లారేసరికి అది ఎక్కడెక్కడో తిరుగుతోంది. నాకు శాతాలు నేర్పినాయన కూడా వచ్చి "బాగా గడ్డి పెట్టారు మాస్టారూ" అని దండం బొమ్మ పెట్టి వెళ్లాడు.

లెక్క అదే. కొట్టిన వేళ్లూ అవే. ఆ రోజు పడీపడీ నవ్వుకున్నాను.

అప్పట్నుంచి రోజూ రాత్రి తొమ్మిదికి ఒక లెక్క. పెద్ద గొప్పవేం కాదు. "సగం దూరం గంటకి 40 కిలోమీటర్ల వేగంతో, మిగతా సగం 60తో వెళ్లాను. నా సగటు వేగమెంత? 50 అన్నవాళ్లు వెంటనే బెంచీ ఎక్కేయండి, నేను చెప్పేదాకా ఆగొద్దు." (48. ఎందుకో కామెంట్లలో వాళ్లలో వాళ్లే కొట్టుకుని తేల్చుకుంటారు.) ఇప్పుడు 41 వేల మంది ఫాలోవర్లు.

ఇంతవరకూ ఆటే. ఆట ఎక్కడ చెడిందో చెబుతా.

ఒకరోజు ఎవరో అడిగారు: "ఇంత కోపమైతే ఇంట్లో అమ్మగారు ఊరుకుంటారా మాస్టారూ?" షిఫ్టు మధ్యలో ఉన్నాను. చెయ్యి ఊరుకోక "ఆవిడుంటే కదా ఊరుకోడానికి" అని కొట్టి, ఇవతల కస్టమర్ చాట్‌లో పడిపోయాను. నా మనసులో ఆవిడ ఊరెళ్లింది, అంతే. నలభై నిమిషాల తర్వాత వచ్చి చూస్తే మూడొందల పైచిలుకు కామెంట్లు. "ధైర్యంగా ఉండండి మాస్టారూ." "మాకు తెలీదు, క్షమించండి." ఒకావిడ తన భర్త పోయిన రోజు ఎలా గడిచిందో పదహారు లైన్లు రాసింది. ఆ పదహారు లైన్ల కింద "లేదండీ, బతికే ఉంది, జోకు" అని రాయగలిగినవాళ్లుంటే వాళ్లకో నమస్కారం. నేను రాయలేకపోయాను. అలా ఆవిణ్ణి చంపేశాను. పేరు కూడా పెట్టకుండా చంపాను. పేరు తర్వాత పెట్టాల్సొచ్చింది, అడిగారు కాబట్టి.

అప్పుడే ఒక షీట్ తెరిచాను. మాస్టారు ఎప్పుడు ఎవరికి ఏం చెప్పాడో రాసుకునే షీట్. ఇవాళ్టికి 214 వరసలు. అయినా దొరికిపోతుంటాను. ఒకసారి ఎడమ మోకాలు నొప్పి అన్నాను, రెండు నెలలకి కుడి మోకాలు అన్నాను. "మొన్న ఎడమ కదా మాస్టారూ?" అని ఒకడు పట్టుకున్నాడు. చెమటలు పట్టాయి. "ఒక కాలు పనిచేయకపోతే దాని బరువు ఎవడు మోస్తాడ్రా, నువ్వా?" అని కొట్టాను. దానికి ఎనిమిదొందల లైకులు. అబద్ధం దొరికిన ప్రతిసారీ మాస్టారు ఇంకొంచెం నిజమైన మనిషి అయిపోతున్నాడు, అదీ నా ఖర్మ.

ఇన్‌బాక్స్ గురించి ఎక్కువ రాయను, అవి నా సంగతులు కావు. ఒక కుర్రాడు లెక్కల్లో మూడోసారి తప్పి, రాత్రి రెండింటికి మెసేజ్ పెట్టాడు. తెల్లారేదాకా మాట్లాడాను, మాస్టారి గొంతుతోనే. నాన్న పోయాక తనని "ఒరేయ్" అన్నవాళ్లు ఎవరూ లేరన్నాడు.

ఇక పోయిన వారం సంగతి. వాళ్లలో కొందరు కలిసి మాస్టారి మోకాలి ఆపరేషన్‌కి చందాలు పోగెయ్యడం మొదలుపెట్టారు, నాకు చెప్పకుండా! "ఒక్క పైసా వద్దు, ఇప్పుడే ఆపండి" అని గట్టిగా రాశాను. "చూశారా, ఎంత ఆత్మాభిమానమో" అని ఇంకా ఎక్కువ మంది చేరారు. చివరికి మోకాలు తగ్గిపోయిందని పోస్టు పెట్టి ఆపించాను. ఇచ్చినవి ఎవరివి వాళ్లకి వెనక్కి వెళ్లాయి, ఒక్కొక్కరి దగ్గరా కనుక్కున్నాను. కానీ ఆ రాత్రి నుంచి నిద్ర లేదు.

ఏం చేయాలి? మాస్టార్ని చంపేయనా? మెల్లగా పోస్టులు తగ్గించి మాయమైపోనా? నిజం చెప్పేయనా? చెబితే ఎలా చెప్పాలి? తిట్టేవాళ్లు తిట్టండి, కానీ తిట్టాక ఏదో ఒక దారి కూడా చెప్పండి.

---

ఒక్కముక్క

డిలీట్ కొట్టి పడుకోండి. రెండు వారాల్లో ఎవరికీ గుర్తుండరు. నెట్‌లో అందరూ వేషాలే, మీదొక్కటే ఎక్కువైందా.

---

కొత్త బ్యాటరీ

అకౌంట్ పోగొట్టుకోవడం ఎందుకండీ, 41 వేలంటే మాటలా. నిజంగా రిటైరైన మాస్టారెవరికైనా అప్పగించేయండి. లేకపోతే పాత పోస్టులన్నీ ఏఐకి ఇస్తే అచ్చం అలాగే రాసిపెడుతుంది. మీరు హాయిగా పక్కకి తప్పుకోవచ్చు.

---

అటక మీద పెట్టె

@కొత్త బ్యాటరీ, అప్పగించడం అంత సులువు కాదు. జపాన్‌లో కిజునా ఐ అని యూట్యూబ్‌లో ఒక బొమ్మ పాత్ర, 2016 చివర్లో వచ్చింది. బొమ్మ అని అందరికీ తెలుసు, లోపల ఎవరో మనిషి గొంతు ఇస్తున్నారనీ తెలుసు, తెలిసే చూశారు. 2019లో అదే బొమ్మకి ఇంకొన్ని గొంతులు చేర్చారు. అభిమానులు ఎదురు తిరిగారు. మొహం బొమ్మదే, మాటలు స్క్రిప్టువే, అయినా "ఈవిడ ఆవిడ కాదు" అన్నారు. కల్పితమని తెలిసినవాళ్లే అలా అన్నప్పుడు, తెలియనివాళ్లకి చాటుగా మనిషిని మార్చి పెడితే అది ఒక అబద్ధం మీద ఇంకో అబద్ధం.

సుద్దముక్క గారూ, ఒక్కటి మాత్రం చేయకండి. మాస్టార్ని చంపకండి. ఆ దారిన వెళ్లినవాళ్ల కథలు నేను చాలాకాలంగా పోగేస్తున్నాను. 2001లో అమెరికాలో కేసీ నికోల్ అనే పంతొమ్మిదేళ్ల అమ్మాయి లుకేమియాతో పోరాడుతూ డైరీలా రాసుకుంటోందని వందలమంది చదివేవాళ్లు. మే నెలలో చనిపోయిందన్నారు. ఆమె అసలు లేదని తవ్వి తీసింది ఎవరో కాదు, ఆమె కోసం ఏడ్చిన పాఠకులే. రాసింది ఒక నడివయసు గృహిణి. 2011లో సిరియా రాజధాని డమాస్కస్ నుంచి బ్లాగ్ రాస్తున్న అమీనా అనే అమ్మాయి సంగతి ఇంకా ఘోరం. జూన్‌లో ఆమెని ఎత్తుకుపోయారని పోస్టు వచ్చింది, ప్రపంచమంతా విడిపించమని గోల పెట్టింది. వారం తిరక్కుండా తేలిందేమంటే, రాసేది ఎడిన్‌బరోలో చదువుకుంటున్న 40 ఏళ్ల అమెరికన్ మగాడు. ఫొటోలేమో ఏమీ తెలియని ఇంకొకావిడవి.

ఈ రెండిట్లోనూ పాత్ర బతికున్నంతకాలం ఎవరూ పెద్దగా తవ్వలేదు. ప్రమాదంలో పడ్డాకే తవ్వారు. ప్రేమ ఉన్నవాళ్లు ఊరుకోరు కదా, ఎక్కడ, ఏ ఆసుపత్రి, ఎవరికి ఫోన్ చేయాలి అని అడుగుతారు. మీ మోకాలికే చందాలు పోగేసినవాళ్లు చావుకి ఊరుకుంటారా!

మీరు గీసిన బొమ్మే డీపీగా పెట్టుకోవడం, డబ్బు ముట్టకపోవడం, ఈ రెండూ మిమ్మల్ని కాపాడతాయి. ఇంకొకరి మొహం వాడుకుని ఉంటే నా జవాబు వేరేలా ఉండేది.

ఇక 41 వేలు అన్న అంకె చూసి హడలిపోకండి. వెబ్‌సైట్లని జనం ఎలా వాడతారో పరిశోధించే జేకబ్ నీల్సన్ 2006లో ఒక మోటు లెక్క చెప్పాడు: ఇలాంటి చోట్ల వందలో 90 మంది చూసి పోతారు, 9 మంది అప్పుడప్పుడూ పలుకుతారు, ఒక్కరు మాత్రమే అస్తమానం ఉంటారు. అచ్చంగా అలాగే ఉంటుందని కాదు, మాస్టారు వింటే "ఎంత మోటుగా?" అంటారు. కానీ మీరు జవాబు చెప్పుకోవాల్సింది 41 వేల మందికి కాదని అర్థమవుతుంది.

---

పాత బౌండు

నాకు డెబ్బై దాటాయి. ఈ అమ్మాయి కథ చదువుతుంటే వారపత్రికల రోజులు గుర్తొచ్చాయి. ఆంధ్రజ్యోతి వీక్లీలో "పురాణం సీత" పేరుతో "ఇల్లాలి ముచ్చట్లు" వచ్చేవి. మా ఇంట్లో ఆడవాళ్లు ముందు ఆ పేజీ తిప్పి చదివాకే మిగతా పుస్తకం మాకిచ్చేవాళ్లు. రాసింది పురాణం సుబ్రహ్మణ్యశర్మ గారు, ఆ పత్రికకి సంపాదకులు. మా అక్కకి ఆ సంగతి తెలిసిన రోజు కాసేపు అలిగింది, "మగాడికి ఇవన్నీ ఎలా తెలుసు" అని. మళ్లీ వారం యథాప్రకారం చదివింది. మారుపేరుతో రాయడం తప్పయితే మన భాషలో సగం అరలు ఖాళీ అవుతాయి. మీరు మరీ కుంగిపోకండి తల్లీ.

---

అటక మీద పెట్టె

@పాత బౌండు గారూ, మంచి మాట గుర్తుచేశారు. అయితే ఒక తేడా ఉందండీ. మీ అక్కగారు రాత్రి రెండింటికి సీతగారి తలుపు తట్టలేరు. తట్టినా సీతగారు "ఏమైందమ్మా" అని అప్పటికప్పుడు పలకలేరు.

1956లో హోర్టన్, వోల్ అని ఇద్దరు పరిశోధకులు, రేడియోలో టీవీలో మాట్లాడేవాళ్లతో శ్రోతలకి ఏర్పడే చనువు గురించి రాశారు. దానికి "పారాసోషల్" అని పేరు పెట్టింది వాళ్లే. అందులో "లోన్‌సమ్ గాళ్" అనే రేడియో కార్యక్రమం ప్రస్తావన ఉంటుంది. ఒక ఆడగొంతు, వింటున్న ఒంటరి మగాడితోనే మాట్లాడుతున్నట్టు మాట్లాడుతుంది. ఆ చనువు ఒకవైపుదే, ఎందుకంటే రేడియో తిరిగి వినలేదు. సరిగ్గా యాభై ఏళ్లకి, 2006లో, యూట్యూబ్‌లో "లోన్లీగర్ల్15" వచ్చింది. బ్రీ అనే పదహారేళ్ల పిల్ల గదిలో కూర్చుని కబుర్లు చెప్పేది. జూన్‌లో మొదలైంది, సెప్టెంబరుకల్లా ఆమె జెసికా రోజ్ అనే నటి అని చూసేవాళ్లే పట్టేశారు. కొందరు తిట్టారు, కొందరు వెళ్లిపోయారు, ఆ సిరీస్ మాత్రం 2008 దాకా నడిచింది. అంటే బయటపడితే అంతా అయిపోయినట్టేం కాదు.

మాస్టారి దగ్గర చిక్కేమిటంటే ఆయన రేడియో కాదు. ఆయన పలుకుతాడు.

---

మేడ మీది గది

మూడు రోజులుగా రాయాలా వద్దా అని ఆగి రాస్తున్నాను. నేను అవతలి వైపు ఉన్నదాన్ని.

ఒంటరిగా బతుకుతున్న ఒకావిడ అకౌంట్ నేను రెండేళ్లు ఫాలో అయ్యాను. ఏ అకౌంటో చెప్పను. కిటికీ దగ్గర మొక్క, చదువుతున్న పుస్తకం, ఒక్కతే కూర్చుని చూసే వాన. పెద్ద ఆర్భాటమేం ఉండేది కాదు. నేను విడాకుల మధ్యలో ఉన్నాను అప్పుడు. ఒకరోజు ఆవిడకి మెసేజ్ పెట్టాను. జవాబిచ్చింది. తర్వాత చాలా రాశాను. మా అమ్మకి కూడా చెప్పనివి రాశాను.

తర్వాత తెలిసింది, ఆవిడ అనే మనిషి లేదు. ముగ్గురు ఉద్యోగులు వంతులేసుకుని నడిపే అకౌంట్ అది. ఆ ముగ్గురిలో ఒకరు ఉద్యోగం మానేసి ఆ సంగతి బయటపెట్టారు.

అందరూ నన్ను అడిగిన ప్రశ్న, "లేని మనిషిని నమ్మావా?" అని. నాకు నొప్పి అక్కడ కాదు. పేరు అబద్ధమైతే అయింది, మొక్క అబద్ధమైతే అయింది. ఆ రాత్రి కూర్చుని మా ఇద్దరి మెసేజ్‌లు మొదటి నుంచీ చదివాను. ఆవిడవి అన్నీ చిన్న చిన్నవి: "అవునా", "నాకు తెలుసు ఆ బాధ", "ఇంకా చెప్పు". పేజీలకి పేజీలు నావే. అంటే ఆ సంభాషణలో అబద్ధం వాళ్లది రవ్వంత, నిజం నాది బోలెడు. ఆ నిజం ఇప్పుడు ఎవరి దగ్గరుంది? ముగ్గురూ చదివారా? షిఫ్టు మారేటప్పుడు "ఈమెది విడాకుల కేసు, జాగ్రత్తగా మాట్లాడు" అని ఒకరికొకరు చెప్పుకున్నారా? "నాకు తెలుసు ఆ బాధ" అన్నది ఎవరు, వాళ్లకి నిజంగా తెలుసా? ఇప్పటికీ నాకు తెలీదు. వాళ్లు అందరికీ కలిపి ఒక క్షమాపణ పోస్టు పెట్టారు. చాలా అందంగా రాశారు. దాని కింద హృదయాల బొమ్మలు పెట్టినవాళ్లూ ఉన్నారు. నేను చదివి ఫోన్ బోర్లా పెట్టేశాను.

అందుకని సుద్దముక్క గారూ, తొమ్మిదింటి లెక్కలు చూసి నవ్వుకున్నవాళ్లకి మీరేమీ బాకీ లేరు. వాళ్లు ఒక పాత్రని చూడ్డానికి వచ్చారు, చూశారు. తమవి ఇచ్చుకున్నవాళ్లు వేరు. ముందు వాళ్లకి చెప్పండి, ఒక్కొక్కరికీ, విడివిడిగా. అందరికీ పెట్టే పోస్టు చూసి వాళ్లు తెలుసుకునే పరిస్థితి తేకండి. నాకు అలాగే తెలిసింది కాబట్టి చెబుతున్నాను.

---

ఒక్కముక్క

నేను పైన రాసింది వెనక్కి తీసుకుంటున్నాను.

---

సుద్దముక్క

మేడ మీది గది గారూ, మీ జవాబు చదివి నిన్న షిఫ్టుకి వెళ్లలేకపోయాను. ఒంట్లో బాలేదని చెప్పాను, అదీ అబద్ధమే అనుకోండి.

లెక్క తీశాను. 41 వేలలో ఒక శాతం అంటే 410. ఇన్‌బాక్స్‌లో మాస్టారితో ఎప్పుడైనా మాట్లాడినవాళ్లు 388. (నీల్సన్ గారు బెంచీ ఎక్కక్కర్లేదు.) ఆ 388 కూర్చుని మొత్తం చదివాను. ఎక్కువభాగం లెక్కల సందేహాలు, శుభాకాంక్షలు, "మాస్టారూ ఒకసారి లైవ్‌లోకి రండి" అనే గోల. ఇవన్నీ తీసేస్తే, వేరే ఎవరికీ చెప్పనిది మాస్టారికి చెప్పినవాళ్లు 17 మంది. పదిహేడే. ఆ పదహారు లైన్లు రాసినావిడ కూడా ఉంది, తర్వాత ఇన్‌బాక్స్‌కి వచ్చింది.

ఇంకొకటి కూడా కనిపించింది, చెప్పడానికి సిగ్గుగా ఉంది. మీరు "అవునా", "ఇంకా చెప్పు" అన్నారే, మా మాస్టారూ అంతే. "ఊ, చెప్పరా." "ఆపకు." నేను ఉద్యోగంలో కస్టమర్లకి కొట్టే మాటలే అవి, ఒకటి రెండు అక్షరాలు మార్చి.

చిత్తు ఒకటి రాశాను. చూసి చెప్పండి:

"నమస్కారం. ఇన్నాళ్లూ మీరు మాట్లాడిన మాస్టారు ఒక కల్పిత పాత్ర. ఆ పాత్ర వెనక ఉన్నది నేను. మిమ్మల్ని బాధపెట్టాలన్న ఉద్దేశం నాకెప్పుడూ లేదు. మీ నమ్మకాన్ని నేనెంతో గౌరవిస్తాను. ఈ ప్రయాణంలో మీ నుంచి ఎంతో నేర్చుకున్నాను. మన్నిస్తారని ఆశిస్తూ."

---

మేడ మీది గది

కోపం తెచ్చుకోకండి. ఇది నాకు పెట్టిన పోస్టులాగే ఉంది. ఆ మొదటి రెండు వాక్యాలు తప్ప మిగతావన్నీ మీ గురించే. మీ ఉద్దేశం, మీ గౌరవం, మీరు నేర్చుకున్నది. మన్నించమని అడగడం కూడా వాళ్ల నెత్తిన ఇంకో పని పెట్టడమే.

నేనైతే ఇవి తెలుసుకోవాలనుకునేదాన్ని. నా మెసేజ్‌లు ఎంతమంది చదివారు? ఎక్కడైనా దాచారా, ఎవరికైనా చూపించారా, వాటి నుంచి ఏదైనా తీసి పోస్టుల్లో వాడుకున్నారా? చెరిపేయమంటే చెరిపేస్తారా? నాతో ఆ రాత్రి మాట్లాడింది ఒకే మనిషా? ఇంతకీ మీరెవరు? పేరు వద్దు. ఏ వయసు మనిషి, ఏం చేసే మనిషి, అది చాలు.

---

అటక మీద పెట్టె

ఒక చిన్న జాగ్రత్త. ఆ కుర్రాడిలాంటి వాళ్లకి మెసేజ్ పెట్టాక మీరు ఆన్‌లైన్‌లోనే ఉండండి. పెట్టేసి షిఫ్టుకి వెళ్లిపోకండి. మళ్లీ నలభై నిమిషాల తర్వాత వచ్చి చూసుకునే పని కాదిది.

---

సుద్దముక్క

ఆ దెబ్బ తగిలింది అటక గారూ. సరే.

మళ్లీ రాశాను. ఇది ఆ కుర్రాడికి పంపింది (వాడి సంగతులు తీసేసి పెడుతున్నా):

"నేను మాస్టార్ని కాదు. మాస్టారు లేరు. నాకు 29 ఏళ్లు, అమ్మాయిని, చాట్‌లో కస్టమర్లకి జవాబులిచ్చే ఉద్యోగం. నీతో మాట్లాడింది మొదటి నుంచీ నేనొక్కదాన్నే, ఇంకెవరూ ఈ అకౌంట్‌లోకి రాలేదు. నువ్వు రాసినవి ఎవరికీ చూపించలేదు. ఒక్కటి మాత్రం వాడుకున్నాను: నువ్వు 'సున్నాతో భాగిస్తే దేవుడికే తెలీదు' అన్నావు చూడు, దాన్ని నీ పేరు లేకుండా మాస్టారి పోస్టులో పెట్టాను. చెరిపేయమంటే మన మాటలన్నీ చెరిపేస్తాను, ముందు నువ్వు కాపీ తీసుకోవాలంటే తీసుకో. మాస్టారి భార్య, మోకాలు, అన్నీ నేను కట్టినవి. లెక్కలు మాత్రం నిజం. తిట్టాలంటే ఇక్కడే ఉన్నాను, పొద్దుటిదాకా ఉంటాను."

పంపి కూర్చున్నాను. వాడు చూసినట్టు గుర్తు వచ్చింది. ఏమీ రాయలేదు. గంటన్నర. టైప్ చేస్తున్నట్టు చుక్కలు రావడం, ఆగిపోవడం, మళ్లీ రావడం. చివరికి వచ్చింది ఒక్క లైను: "అయితే ఆ రోజు ఒరేయ్ అన్నది మీరేనా"

అవును, నేనే అన్నాను. "అక్కా అనాలా?" అన్నాడు. నీ ఇష్టం అన్నాను. "ఇప్పుడేం అనను" అని వెళ్లిపోయాడు. మర్నాడు మధ్యాహ్నం వచ్చి, సున్నా డైలాగు తనదని పోస్టులో రాయమన్నాడు. రాశాను.

ఇప్పటికి ఆరుగురికి చెప్పాను. ఒకరు బ్లాక్ చేశారు, చెప్పిన మూడు నిమిషాల్లో. ఒకాయన తనకి ఏడాది కిందటే తెలుసన్నాడు. మాస్టారు "రిప్లై" అనడట, "జవాబు" అంటాడట, కానీ హడావిడిలో ఉంటే మాత్రం "మీ సహనానికి ధన్యవాదాలు" అంటాడట. కస్టమర్ కేర్‌లో తప్ప ఏ ముసలాయనా అలా అనడని ఆయన వాదన. 214 వరసల షీట్‌లో ఆ సంగతి రాసుకోవడం మర్చిపోయాను!

ఒకావిడ చదివి, చెరిపేయమంది. చెరిపాను. ఇంకేం మాట్లాడలేదు. ఇద్దరు ఇంకా చూడలేదు.

పదహారు లైన్లావిడ ఈ ఆరుగురిలో లేదు. ఆవిడకి రాయబోయి మూడుసార్లు మూసేశాను. ఆవిడ దుఃఖానికి తోడుగా నేను పెట్టింది ఒక జోకు, దాన్ని ఏ వాక్యంలో చెప్పాలో తెలియట్లేదు. మేడ మీది గది గారూ, మీకు ఏమైనా తడితే చెప్పండి, తొందరేం లేదు.

అందరికీ పోస్టు ఈ పదిహేడూ అయ్యాకే. అప్పటిదాకా మాస్టారు కొత్తగా ఏ నొప్పీ పడడు, ఎవరినీ ఓదార్చడు, ఇన్‌బాక్స్‌లో కొత్తవాళ్లొస్తే "ఇక్కడ లెక్కలే" అని చెబుతున్నాను. ఇంకా పదకొండు మంది ఉన్నారు. తొమ్మిదవుతోంది, ఇవాళ్టి లెక్క పెట్టి వస్తా.